విటోరె గొంతు

చేపల బజారులో పాషుక్ బల్ల ముందు విటోరె సైకిలు ఆగిందంటే చాలు, వాడు చేతిలో కత్తి పక్కన పెట్టేవాడు. గొంతు సవరించుకుని, కళ్ళు సగం మూసుకుని, నాటకాల ఫక్కీలో అనేవాడు: "తలుపు గడియ వెయ్యలేదు... నాయనా!"

బజారంతా నవ్వేది. విటోరె కూడా నవ్వేది. ముప్ఫై ఏళ్ళుగా ఇదే తంతు.

"ఇగ సాలు తీ పాషుక్. కండ్లు తేటగున్న చేప ఇయ్యి. నిన్నటిది నాకు అంటగట్టకు."

"నీకా అమ్మా?" అంటూ వాడు గుండె మీద చెయ్యి వేసుకునేవాడు. "దేశమంతటికి తల్లివి నువ్వు! నీకు నిన్నటి చేప ఇస్తె నా చెయ్యి పడిపోదా?"

ఆ దేశమంతటి తల్లి, చేపను సైకిలు బుట్టలో వేసుకుని ఇంటికి పోయేది. పొలుసు గీకుతూ, ప్రతిసారీ ఒకే మాట అనుకునేది. పాషుక్ అనుకరించేది నా గొంతు కాదు. వాడే కాదు, ఈ దేశంలో ఏ మనిషీ సినిమాలో నా గొంతు వినలేదు.

ఇది నిజం. మా ఊరు ష్కోడ్రాలో ఆమెతో రోజూ మాట్లాడే మేము కూడా ఈ సంగతి మర్చిపోయాం. మనుషులం అంతే, తెరమీద విన్నదే నమ్ముతాం.

విటోరె పొగాకు ఫ్యాక్టరీలో ఆకులు ఏరే మనిషి. మంచి ఆకు ఒక పక్క, చిల్లు ఆకు ఒక పక్క. సాయంత్రాలు ఫ్యాక్టరీ నాటకాల బృందంలో వేషాలు వేసేది. డెబ్భై మూడులో రాజధాని టిరానా నుంచి ఒక దర్శకుడు ముఖాలు వెతుక్కుంటూ వచ్చి, ఈమెను చూసి ఆగిపోయాడు. ఇరవై ఆరేళ్ళ పిల్లకు పొడుగాటి ముఖం, పెద్ద కళ్ళు, వాటిలో యాభై ఏళ్ళ బెంగ. జుట్టుకు పిండి రాసి, నల్ల గుడ్డ కట్టి, కొండల్లో పోరాడే కుర్రాడికి తల్లిని చేసేశారు. ఆ కొడుకు వేషం వేసినవాడు ఆమెకంటే నాలుగేళ్ళు పెద్ద.

సినిమా మా ఊరికి వచ్చిన రోజు ఆకులు ఏరే ఆడవాళ్ళంతా రెండు వరసలు నిండా కూర్చున్నారు. విటోరె పక్కన భర్త గాస్పెర్, అటు పక్క తల్లి. తెరమీద విటోరె లాంతరు పట్టుకుని వచ్చింది. హాలంతా కేక పెట్టింది. విటోరె నోరు తెరిచింది. కొడుకుతో "తలుపు గడియ వెయ్యలేదు... నాయనా" అని ఇంకెవరో అన్నారు.

గుండ్రటి, తియ్యటి, తప్పులేని గొంతు. పాఠ్యపుస్తకం నోరు తెరిచి చదివినట్టు ఉంది.

"ఎవరే అది, నీ నోట్లకెల్లి మాట్లాడుతున్నది?" అంది తల్లి, హాలంతా వినపడేలా.

విటోరెకూ తెలియదు. షూటింగులో ఎవరూ ఆమెకు చెప్పలేదు. చెప్పవలసిన అవసరం ఉందని కూడా ఎవరికీ తోచలేదు. ఆ రోజుల్లో సినిమాకు ఒకటే భాష, పుస్తకాల్లో ఉండేది. మా ఉత్తరాది మాట ముక్కులోంచి వస్తుంది, సగం అక్షరాలు దారిలో రాలిపోతాయి. ఆ మాట మాట్లాడేవాళ్ళు తెరమీద అయితే హాస్యగాళ్ళు, లేకపోతే శత్రువులు. దేశానికి తల్లి కావలసిన మనిషి అలా మాట్లాడకూడదు. అందుకని టిరానాలో ఎవరో ఒకావిడ చీకటి గదిలో కూర్చుని విటోరెకు గొంతు పెట్టింది. తర్వాత పదిహేనేళ్ళలో తొమ్మిది సినిమాలకూ ఆవిడే పెట్టింది. పేర్లు పడేటప్పుడు విటోరె గురాషి అని పడేది. ఆ రెండో ఆవిడ పేరు ఎక్కడా పడేది కాదు.

గాస్పెర్ సైకిళ్ళు బాగుచేసేవాడు. మాట తక్కువ మనిషి. ఆ రోజు ఇంటికి నడిచి వస్తూ ఒకటే మాట అన్నాడు: "దేశానికి నీ మొఖం ఇచ్చినవ్. గొంతు నాకొక్కనికే మిగిలింది. నేనే బాగుపడ్డ."

విటోరె నవ్వింది. నవ్వింది గానీ ఆ ముల్లు లోపలే ఉండిపోయింది. తొమ్మిది సినిమాలూ ఆమె ఒక్కసారికి మించి చూడలేదు.

తొంభైల్లో ప్రభుత్వం పోయింది, పొగాకు ఫ్యాక్టరీ పోయింది, స్టూడియో పోయింది. పాత సెట్లు నిలబెట్టే చోట ఎవరో సోఫాలు పేర్చి అమ్ముకున్నారు. పదేళ్ళు దేశంలో సినిమా తీసినవాడు లేడు. కొత్తవి లేకపోయేసరికి టీవీవాళ్ళు పాతవే తిప్పి తిప్పి వేశారు. అప్పటికి పుట్టని పిల్లలకు కూడా "తలుపు గడియ వెయ్యలేదు" నోటికొచ్చేసింది. విటోరె ఇంట్లో పెళ్ళిబట్టలు కుడుతూ ఉంటే, కిటికీలోంచి పక్కింటి టీవీలో ఆ తియ్యటి గొంతు వచ్చేది. లేచి కిటికీ వేసేసేది.

తర్వాత మెల్లగా మళ్ళీ మొదలైంది. ఇటలీవాళ్ళు ఇంత, కొసోవోవాళ్ళు ఇంత, మన మంత్రిత్వశాఖ ఇంత డబ్బు వేసుకుని ఏడాదికి ఒక సినిమా, రెండు సినిమాలు. విటోరెకు కబురు వచ్చేది. ఒకదాంట్లో కిటికీలో ముసలమ్మ. ఇంకోదాంట్లో బస్సులో ముసలమ్మ. మూడోదాంట్లో తాడు మీద దుప్పట్లు ఆరేసే ముసలమ్మ. ఒక్కదాంట్లోనూ మాట లేదు. గాస్పెర్ అప్పటికి పోయాడు. ఆమె గొంతు వినే మనిషి ఇంట్లో కూడా లేకుండా పోయాడు.

విటోరె అరవై తొమ్మిదో ఏట యోరిదా ఆమె ఇంటికి వచ్చింది. ముప్ఫై నాలుగేళ్ళ పిల్ల, దర్శకురాలిగా మొదటి సినిమా. పుట్టింది టిరానాలో, అమ్మమ్మది ష్కోడ్రా. పొయ్యిలో కాల్చిన చేప రెండుసార్లు వడ్డించుకు తిన్నాక కథ చెప్పింది. పాత ప్రభుత్వం రోజుల్లో ఒకడిని పోలీసులు రాత్రికి రాత్రి తీసుకుపోయారు. అతని అక్క ముసలిదైపోయి, తమ్ముడి ఎముకలు ఎక్కడ పూడ్చారో చెప్పమని ఆఫీసు తర్వాత ఆఫీసు ఎక్కి దిగుతుంది. చివర్లో ఒక గుమాస్తా ముందు కూర్చుని నాలుగు నిమిషాలు మాట్లాడుతుంది. మధ్యలో కట్ లేదు.

"అది మీరే, అత్తా. మీరు మాట్లాడినట్టే మాట్లాడండి. ఇప్పుడు గొంతు అక్కడికక్కడే పట్టేస్తాం."

"ఇప్పుడు గట్లనే అంటవ్. రేపు ఎవరితోనన్న చెప్పిస్తవ్."

"లేదత్తా. ఒట్టు."

విటోరె ఆ పిల్లను చాలాసేపు చూసింది. "సరే" అంది. లేచి, కడిగిన గిన్నెలే మళ్ళీ కడిగింది.

షూటింగు మొదటి రెండు రోజులూ అవస్థే. పెద్ద హాలుకు వినపడేలా నోరంతా తెరిచి ముఖంతో అరవడం ఆమెకు అలవాటు. "అత్తా, ఆ మైకు మీ మెడ దగ్గరే ఉంది. గాస్పెర్ మామయ్య పక్కన కూర్చుని ఉంటే ఎంత గట్టిగా మాట్లాడతారో అంతే చాలు" అంది యోరిదా. మూడో రోజు విటోరెకు అర్థమైంది. గుమాస్తా సీను ఒక్కసారిలో అయిపోయింది. శబ్దం పట్టే ఇటలీవాడికి మా మాట ఒక్క ముక్క తెలియదు. అయినా హెడ్‌ఫోన్లు తీసి, కాసేపు తన బూట్లవంక చూస్తూ నిలబడ్డాడు.

మే నెలలో టిరానాలో అరవైమందిని పిలిచి సినిమా వేశారు. జనం ఏమంటారో చూడడానికి. విటోరె వెనక వరసలో కూర్చుంది. తెరమీద ఆమె ముఖం కనబడగానే చప్పట్లు. ఆమె మొదటి మాట అనగానే ఎవరో కిసుక్కున నవ్వారు. రెండో మాటకు గుసగుసలు. మూడో మాటకు ఒక పెద్దాయన లేచి నిలబడి, వెనక్కి తిరిగి కేకేశాడు:

"ఓ అబ్బాయ్! సౌండు చూసుకోవయ్యా! ఆవిడ గొంతు ఇది కాదు!"

"అవునవును, ఎవరిదో పెట్టేశారు" అంది ఇంకొకావిడ.

ఆఖర్న అభిప్రాయాలు రాయమని కాగితాలు ఇచ్చారు. చాలామంది ఒకే రకంగా రాశారు. "విటోరె గురాషికి ఎవరిదో పల్లెటూరి గొంతు పెట్టారు. అంత గొప్ప నటికి ఇది అవమానం." వాళ్ళు చెడ్డవాళ్ళు కారు. ఆమె మీద ప్రేమతోనే రాశారు. ఆమె పక్షాన కోపం తెచ్చుకుని రాశారు. విటోరెకు మాత్రం నలుగురిలో తల తీసేసినట్టయింది.

నిర్మాత పేరు పెర్పరిమ్. మంచివాడే, కానీ భయస్తుడు. ఆఖరి మాట నిర్మాతదేనని ఒప్పందంలో ఉంది. వారం తర్వాత యోరిదా ష్కోడ్రా వచ్చి, కాఫీ ముట్టకుండా, కళ్ళు దించుకుని చెప్పింది. పాత గొంతు ఆవిడ ఇంకా ఉందట. పోలిక్సేని ధామో. డెబ్భై నాలుగేళ్ళట. పెర్పరిమ్ ఆవిడతో మాట్లాడాడట. వచ్చే గురువారం డబ్బింగు.

"నేను కాదన్నాను అత్తా. అరిచాను. నా మాట చెల్లలేదు."

"నీ తప్పేం లేదు బిడ్డా. కాఫీ చల్లారుతున్నది, తాగు."

యోరిదా వెళ్ళాక విటోరె సైకిలు తీసి సరస్సు దాకా తొక్కింది. ఎవరూ లేని చోట దిగి, నీళ్ళవంక తిరిగి, గట్టిగా తిట్టింది. పెర్పరిమ్‌ను, కాగితాలు రాసినవాళ్ళను, పదిహేనేళ్ళు తన నోట్లో కూర్చున్న ఆ పోలిక్సేనిని. ముసలితనంలో ఒక్కసారి, ఒకే ఒక్కసారి నా మాట నాకు దక్కనియ్యరాదా అని ఏడ్చింది. తర్వాత ముఖం కడుక్కుని ఇంటికి వచ్చింది.

మంగళవారం పొద్దున తలుపు తట్టారు. గుమ్మంలో ఒక పొట్టి, లావుపాటి ముసలావిడ. మోకాలికి పట్టీ, చంకలో అంజూరపు మురబ్బా సీసా. టిరానా నుంచి వచ్చే వ్యాను ఎక్కి రెండు గంటలు కూర్చుని వచ్చింది.

"నేను పోలిక్సేనిని" అంది.

ఆ గొంతు వినగానే విటోరె వెన్ను నిటారుగా అయింది. ఎక్కడైనా పోల్చుకోగలదు. తలుపు ముఖం మీద వేసేద్దామనిపించింది. కానీ మా ఊళ్ళో గుమ్మం ముందుకొచ్చిన మనిషికి ముందు కాఫీ, తర్వాతే గొడవ.

"రా అక్కా. కూసో" అంది, ముఖం మాడ్చుకునే.

ఇద్దరూ కాఫీ తాగారు. కప్పు కింద పెట్టాక విటోరె ఇక ఆగలేదు.

"ఒక మాట చెప్తా, ఏమనుకోకు. నిన్ను నలభై ఏండ్లసంది తిట్టుకుంటున్న."

"తిట్టుకుని ఉంటావులే. నేను మటుకు తక్కువ తిట్టానా? ఊరంతా నా గొంతు పాడుకుంటుంది. రొట్టెల కొట్లో క్యూలో నన్ను తోసుకుని ముందుకెళ్ళిన మనిషి కూడా 'తలుపు గడియ వెయ్యలేదు' అంటూ వెళ్ళాడు. ఆ మాట నాదిరా అని చెప్తే పిచ్చిదాన్ని అనుకుంటారు. నీ ముఖం స్టాంపుల మీద తప్ప అన్నిటి మీదా పడింది. నా పేరు తెలిసినవాడేడీ?"

విటోరె ఈ సంగతి ఎన్నడూ ఆలోచించలేదు. కప్పును పళ్ళెంలో అటూ ఇటూ తిప్పింది.

"మరి ఎందుకచ్చినవ్?"

"పెర్పరిమ్‌కి సరేనన్నాను. ఇరవై ఐదేళ్ళుగా నన్ను ఎవరూ ఏదీ అడగలేదమ్మా. అడిగితే ఒప్పేసుకున్నాను. ఆశ. తర్వాత రాత్రి నిద్ర పట్టలేదు. నీ ముఖం చూడకుండా పోయి ఆ పని చెయ్యడం దొంగతనంగా ఉంటుందనిపించింది."

పోలిక్సేని కుర్చీ ముందుకు జరుపుకుంది.

"నీకొకటి చెప్పాలి. అప్పట్లో మా పని ఎలా ఉండేదో తెలుసా? నీ సీను ముక్క కత్తిరించి, రెండు కొసలూ అతికించేవాళ్ళు. అది గుండ్రంగా తిరిగి తిరిగి వచ్చేది. నీ పెదాలకు నా మాట సరిగ్గా అతికేదాకా ముప్ఫైసార్లు, నలభైసార్లు. నీ నోరు మీ ఆయన కంటే నేనే ఎక్కువ చూశాను."

విటోరెకు నవ్వు వచ్చింది, ఆపుకుంది.

"నేను గడగడా మాట్లాడే మనిషిని. కుళాయి విప్పినట్టే. నువ్వేమో ఆఖరి మాటకు ముందు ఆగిపోతావు. ప్రతిసారీ! 'తలుపు గడియ వెయ్యలేదు' అంటావు, పెదాలు మూస్తావు, అప్పుడు 'నాయనా' అంటావు. దర్శకుడు నన్ను కోప్పడ్డాడు, ఆ ఖాళీ ఏవిటీ అని. నేనేం చెయ్యనండీ, ఆ అమ్మాయి నోరు మూసుకుంది అన్నాను. జనం ఏడ్చింది ఎక్కడనుకున్నావు? ఆ ఖాళీ దగ్గరే. అది నాది కాదు. నీది."

"నేను ఆగుతనా?" అంది విటోరె నిజంగానే ఆశ్చర్యపోయి.

"ఇప్పుడు నేను కూడా ఆగుతున్నాను. అదే నా కర్మ. మా అమ్మాయి వెక్కిరిస్తుంది. అన్నం వడ్డించమన్నా మధ్యలో ఆగి అడుగుతున్నావేంటే అమ్మా, అని."

విటోరె పగలబడి నవ్వింది.

"అక్కా, అది నటన కాదు, ఏం కాదు. పొగాకు దుమ్ము! పదేండ్లు ఆకులు ఏరితె ఛాతి పట్టేసింది. ఆఖరి మాటకు ఊపిరి అందకపోయేది. గందుకు ఆగిన!"

ఇద్దరూ కళ్ళవెంట నీళ్ళు వచ్చేదాకా నవ్వారు. దేశం నలభై ఏళ్ళు ఏడ్చింది పొగాకు దుమ్ముకని తేలింది మరి.

వెళ్ళబోయే ముందు పోలిక్సేని గుమ్మం దగ్గర నిలబడి, "ఒక్కసారి ఆ మాట నీ మాటలో చెప్పవూ. నేనెప్పుడూ వినలేదు" అంది.

విటోరె తలుపు రెక్క పట్టుకుంది. సిగ్గుపడింది. తర్వాత మెల్లగా అంది:

"తల్పుకు గొళ్లెం పెట్టలే... బిడ్డా."

పోలిక్సేని తల వంచుకుని విన్నది. మోకాలు పట్టుకుని మెట్లు దిగి, వ్యాను దగ్గరికి వెళ్ళిపోయింది.

గురువారమంతా విటోరె సూదిలో దారం ఎక్కించలేకపోయింది. సాయంత్రం యోరిదా ఫోను చేసింది. మాట తడబడుతోంది.

పోలిక్సేని స్టూడియోకు వచ్చిందట. హెడ్‌ఫోన్లు పెట్టుకుందట. గుమాస్తా సీను నాలుగు నిమిషాలూ వేశారు. నోరు తెరవలేదు. మళ్ళీ వేశారు. తెరవలేదు. పెర్పరిమ్ లోపలికి వెళ్ళి, ఏమైందండీ అని అడిగాడు.

"పెర్పరిమ్‌గారూ, ఆ సినిమాల్లో ఈవిడ నోరు ఖాళీగా ఉండేది. నేను నింపాను. ఇప్పుడు నిండుగా ఉంది. నేనెక్కడ దూరను?" అందట.

"అయితే ఇంకెవరితోనైనా..." అని పెర్పరిమ్ నసిగాడట.

"పెట్టించండి. టీవీకి వెళ్ళి కూర్చుని, ఆ తల్లుల గొంతు నాదీ, ఈ సినిమాలో గొంతు దొంగదీ అని చెప్తాను. నా గొంతు విన్నాక నమ్మని వాడెవడో చూద్దాం."

పెర్పరిమ్ పది నిమిషాలు వసారాలో అటూ ఇటూ తిరిగి, "సరే, ఉన్నదున్నట్టే ఉంచండి" అన్నాడట.

ఫోను పట్టుకుని విటోరె ఏడ్చింది. యోరిదా కూడా ఏడ్చింది. కాసేపయ్యాక విటోరె ముక్కు తుడుచుకుని, "బిడ్డా, నాకొక్క పని చెయ్యాలె" అంది. అదేమిటో వినగానే యోరిదా మారు మాట లేకుండా ఒప్పుకుంది.

సెప్టెంబరులో సినిమా మా ఊరికి వచ్చింది. సాయంత్రం ఆరింటికే హాలు బయట సైకిళ్ళు గోడ పొడుగునా ఆనించి ఉన్నాయి. విటోరె మూడో వరసలో కూర్చుంది. పక్కన పోలిక్సేని, నీలం గౌను వేసుకుని, పూసలు పెట్టుకుని. ఆమె ఎవరో మాలో ఎవరికీ తెలియదు.

విటోరె తెరమీద మొదటి మాట అంది. ఇక్కడ కూడా గుసగుసలు మొదలయ్యాయి. చెప్పుకోవడానికి సిగ్గే, రోజూ ఆమెతో మాట్లాడే మేమే ఒకరి ముఖాలు ఒకరం చూసుకున్నాం. అప్పుడు వెనకనుంచి పాషుక్ అరిచాడు:

"ఏయ్, ఊకోండ్రి! గది ఆమె గొంతే! నిన్నటి చేప అంటగట్టకని నన్ను రోజు తిట్టే గొంతు నాకు తెల్వదా?"

హాలంతా నవ్వి, ఆ నవ్వుతోనే సర్దుకుంది. పది నిమిషాలకు మా మాట తెరమీద వినపడడం మాకు అలవాటైపోయింది. గుమాస్తా సీను వచ్చేసరికి దగ్గు కూడా వినపడలేదు. "తమ్ముని ఎముకలు ఎక్కడున్నయో చెప్పు, ఇంటికి తీస్కపోత... సారూ" అని ఆమె ఆగిన చోట, నా పక్కనున్న ఆడమనిషి నా చెయ్యి పట్టుకుంది. ఆమె ఎవరో నాకు తెలియదు.

సినిమా అయిపోయింది. చప్పట్లు, ఈలలు. తర్వాత లైట్లు సగం వెలిగి, తెరమీద పేర్లు పైకి పోవడం మొదలైంది. మామూలుగానే అందరూ లేచి కోట్లు వేసుకుంటున్నారు. పేర్లు ఎవరు చదువుతారు?

విటోరె పోలిక్సేని మోచెయ్యి పట్టి కూర్చోబెట్టింది. "ఆగు అక్కా. చూడు."

చిట్టచివర, ఒక్కటే వాక్యం తెర మధ్యలో ఆగింది. పోలిక్సేని కళ్ళు చికిలించింది. పూసలు పెట్టుకునే హడావుడిలో కళ్ళజోడు ఇంట్లో మర్చిపోయింది.

"ఏవిటది? కనపడి చావదు. ఏం రాశారే?"

విటోరె చదివింది.

"పాత తొమ్మిది సినిమాలల్ల విటోరె గురాషి గొంతు... పోలిక్సేని ధామో."

పోలిక్సేని ఆమె చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"మళ్ళీ చదువు" అంది.

విటోరె మళ్ళీ చదివింది. ఈసారి గట్టిగా చదివింది. కోట్లు వేసుకుంటున్నవాళ్ళు చేతులు సగం లోపలే పెట్టుకుని ఆగి, వెనక్కి తిరిగి చూశారు.